పోలీసు దర్యాప్తులో కోర్టుల జోక్యం: హద్దుల చరిత్ర (ఉదయగిరి, ఆత్మకూరు ప్రాంతం)

నెల్లూరు జిల్లా పడమటి మెట్టలోని ఉదయగిరిలోగానీ ఆత్మకూరులోగానీ కేసు కడితే, ఎఫ్‌ఐఆర్ ప్రతి ఆలస్యం లేకుండా స్థానిక మేజిస్ట్రేటుకు చేరాలి. అయితే ఆ దర్యాప్తును ఆపే అధికారం ఆయనకు లేదు. అది హైకోర్టుది, దానికీ హద్దులున్నాయి. కృష్ణదేవరాయలు 1514లో గజపతుల నుంచి ఉదయగిరి దుర్గం గెలుచుకున్ననాటి నుంచి కంపెనీ పాలన దాకా కోర్టు పోలీసు దర్యాప్తును ఆపవచ్చా అన్న ప్రశ్నే లేదు. 1859 నాటి మద్రాసు పోలీసు చట్టం, 1861 నాటి క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ వచ్చాకే దర్యాప్తు, విచారణ వేరువేరు పనులుగా స్థిరపడ్డాయి. 1923లో చేరిన 561ఎ సెక్షన్ హైకోర్టుకున్న సహజ అధికారాలను గుర్తించింది.

ఆ అధికారంతో లాహోర్ హైకోర్టు కొట్టేసిన ఒక దర్యాప్తును ప్రివీ కౌన్సిల్ 1944 అక్టోబరు 17న పునరుద్ధరించింది. ఖ్వాజా నజీర్ అహ్మద్ కేసుగా పేరుపడిన ఈ తీర్పు ప్రకారం అభియోగం కోర్టు ముందుకొచ్చాకే కోర్టు పని మొదలవుతుంది. 1990 నవంబరు 21న భజన్‌లాల్ కేసులో సుప్రీంకోర్టు న్యాయమూర్తులు జస్టిస్ రత్నవేల్ పాండ్యన్, ఆంధ్రప్రదేశ్ హైకోర్టు నుంచి వెళ్లిన జస్టిస్ కె.జయచంద్రారెడ్డి ఎఫ్‌ఐఆర్ కొట్టేయదగిన సందర్భాలను ఏడు తరగతులుగా విడదీశారు. నేటికీ క్వాష్ పిటిషన్లలో కనబడే మేలైన కొలబద్ద ఇదే. అయినా అసలు జోక్యం తుది తీర్పుల్లో కంటే మధ్యంతర ఉత్తర్వుల్లోనే ఎక్కువ. పిటిషన్‌తోపాటు ఒక మధ్యంతర దరఖాస్తు (ఐ.ఏ.) వేసి, పిటిషన్ తేలేదాకా తదుపరి చర్యలన్నీ ఆపమని అడగడం వకీళ్ల రివాజు. ఉమ్మడి హైకోర్టు ఒక కేసులో ఎఫ్‌ఐఆర్‌ను కొట్టేయడానికి నిరాకరిస్తూనే, దర్యాప్తు ముగిసేదాకా అరెస్టు వద్దంది. తెలంగాణ ప్రభుత్వ అప్పీలుపై సుప్రీంకోర్టు 2017 జనవరి 6న దాన్ని తప్పుబట్టింది: షరతులు చూడకుండా ముందస్తు బెయిలు ఇచ్చినట్టేనని. 2021 ఏప్రిల్ 13న నీహారిక కేసులో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం ఇదే సూత్రాన్ని బలపరిచి, కారణాలు చెప్పని 'కఠిన చర్యలు వద్దు' ఉత్తర్వులు కూడదంది. అమరావతి భూములతో సహా అంతకుముందటి ప్రభుత్వ నిర్ణయాలపై వేసిన ప్రత్యేక దర్యాప్తు బృందంపై (సిట్) ఆంధ్రప్రదేశ్ హైకోర్టు 2020 సెప్టెంబరులో ఇచ్చిన స్టేను సుప్రీంకోర్టు 2023 మే 3న రద్దుచేసింది.

కోర్టులు దూరంగా ఉంటే కక్షకేసుల్లో ఇరుక్కున్నవారి గతేమిటన్న అభ్యంతరం బలమైనదే. అయితే ఉదయగిరివాసికి హైకోర్టు ఎప్పుడూ దూరమే: 1954 దాకా మద్రాసు, తర్వాత గుంటూరు, 1956 నుంచి హైదరాబాదు, 2019 జనవరి 1 నుంచి అమరావతి. ఖర్చు పెట్టుకోగలవారికి అందే స్టే కంటే ముందస్తు బెయిలు, 2014 అర్నేశ్ కుమార్ తీర్పుతో గట్టిపడిన (అప్పటి 41ఎ సెక్షన్) పోలీసు నోటీసు, రిమాండు వేళ మేజిస్ట్రేటు పరిశీలన అతనికి అందుబాటులో ఉన్న రక్షణలు. దర్యాప్తు సరిగా సాగేలా చూసే అధికారం అప్పటి క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 156(3) కింద మేజిస్ట్రేటుకు ఉందని 2007లో సాకిరి వాసు కేసు తేల్చింది. పోలీసులే దర్యాప్తును నీరుగారిస్తే ఏమిటన్నది రెండో అభ్యంతరం. అక్కడ కోర్టు దర్యాప్తును ఆపదు, చేతులు మారుస్తుంది: 2022 ఏప్రిల్‌లో నెల్లూరు కోర్టులో జరిగిన ఆధారాల చోరీ కేసును హైకోర్టు నవంబరులో సీబీఐకి అప్పగించింది. 2024 జులై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో హైకోర్టు సహజ అధికారం 528వ సెక్షన్‌కు మారింది. ఠాణాలో కేసు కట్టలేదని మేజిస్ట్రేటు వద్దకు వెళ్లేవారు ముందుగా ఎస్పీకి ఫిర్యాదు చేసి, ఆ సంగతి అఫిడవిట్‌లో చెప్పాలని 175(3) కోరుతోంది.