బ్రాకెట్లో ఉన్న ఇల్లు

కర్నూలు పాతబస్తీలో బీడీలు చుట్టే ఒకామె ఇంటికి మొదటిసారి వెళ్లినప్పుడు "మీ కార్ఖానా ఎక్కడ?" అని అడిగాను. ఆమె నవ్వి ఒళ్లోని చాట చూపించింది. అందులో కత్తిరించిన తునికాకు, గుప్పెడు పొగాకు, దారపు ఉండ. "ఇదే మేడం" అంది. సాహిత్యం చదువుకున్న నాకు చట్టాల భాష అప్పటికి తెలియదు. నేనడిగిన ఆ ప్రశ్న మీదే బీడీ యజమానులు సుప్రీంకోర్టు దాకా వెళ్లారని తర్వాత తెలిసింది.

బీడీ కార్ఖానాలకు లైసెన్సు ఉండాలని మద్రాసు రాష్ట్రం 1958లో చట్టం చేసింది. కర్నూలు, కడప 1953లోనే ఆంధ్ర రాష్ట్రంలోకి వచ్చేశాయి కనుక అది మన దాకా రాలేదు. దేశమంతటికీ పార్లమెంటు బీడీ, సిగార్ కార్మికుల చట్టం చేసింది 1966లో. కార్ఖానా నడిపే స్థలానికి లైసెన్సు తీసుకోవాలి, ఏ ఏటికాయేడు పునరుద్ధరించుకోవాలి. స్థలం పనికొస్తుందా, అడిగేవాడికి అనుభవముందా, కార్మిక చట్టాల ఖర్చు భరించే స్తోమతుందా, తనకోసమే అడుగుతున్నాడా, ఎవరికైనా బినామీయా అని అధికారి చూడాలి. కాదంటే అప్పీలుకు పోవచ్చు.

బినామీ అన్న మాట చట్టంలోకి ఊరికే రాలేదు. కంపెనీ ఆకూ పొగాకూ ఏజెంటుకిస్తుంది, ఏజెంటు ఆడవాళ్లకు పంచుతాడు. బాగోలేవని బీడీలు పక్కకు తీసేసినా, కూలి కోసినా ఆమె నిలదీయగలిగేది ఏజెంటునే. వానను నమ్ముకోలేని సీమలో, ఆడవాళ్లను గడప దాటనివ్వని ఇళ్లలో, ఆ మాత్రం కూలి దొరకడమే గొప్ప. దాన్ని పోగొట్టుకుంటామన్న భయంతో ఎవరు నోరు విప్పుతారు?

ఈ చట్టం మీద యజమానులు ఎదురు తిరిగిన తీరు కేరళలో బాగా కనిపిస్తుంది. మంగళూరు గణేశ్ బీడీ సంస్థ 1968లో అక్కడి తన కేంద్రాలను మూసేసింది. వేలమంది రోడ్డున పడ్డారు. 1969లో కన్ననూరులో దినేశ్ బీడీ సహకార సంఘం పుట్టింది అలాగే. సుప్రీంకోర్టులో నడిచిన కేసు కూడా మంగళూరు గణేశ్ పేరు మీదే ఉంది. లైసెన్సు షరతులు వ్యాపార స్వేచ్ఛకు అడ్డమనీ, ఇళ్లలో చుట్టేవాళ్లు తమ ఉద్యోగులు కారనీ వాదన. 1974లో కోర్టు చట్టాన్ని నిలబెట్టింది. ఇంట్లో చుట్టినా ఉద్యోగే, మధ్యలో కాంట్రాక్టరున్నా అసలు యజమానికి బాధ్యత తప్పదంది. 1985లో పి.ఎం. పటేల్ కేసులో ప్రావిడెంట్ ఫండ్ కూడా వాళ్లకు వర్తిస్తుందని తేల్చింది.

గెలుపే, కాదనను. కానీ చట్టాన్ని ఒక కథ చదివినట్టు చదివితే మరోటి కనబడుతుంది. పారిశ్రామిక ఆవరణ అంటే ఏమిటో చెప్పేచోట ఒక చిన్న బ్రాకెట్ ఉంది. నివాస గృహం కాని స్థలం, అని దాని అర్థం. అంటే ఇంటికి లైసెన్సు అక్కర్లేదు. అది మేలనిపిస్తుంది గానీ, గాలీ వెలుతురూ, తాగునీళ్లూ, మరుగుదొడ్డీ, పసిపిల్లల గదీ అన్నీ ఆవరణ కోసం రాసిన నిబంధనలే. ఆవరణ కాని ఇంటి గడప దగ్గరే అవన్నీ ఆగిపోయాయి. పొగాకు ధూళి మాత్రం లోపలికొచ్చి, పొయ్యి పక్కనా ఉయ్యాల కిందా కూర్చుంది.

43వ సెక్షన్ ఇంకా చిత్రం. ఇంటి యజమాని తన మీద ఆధారపడిన కుటుంబసభ్యుల సాయంతో ఇంట్లోనే బీడీలు చేసుకుంటే చట్టం వర్తించదు, అతను వేరొకరి కింద ఉద్యోగి కాకపోతే. చుట్టేది ఆయన, సాయం చేసేది ఆమె! చట్టభాషలో 'అతడు' అంటే 'ఆమె' కూడా అని ఒక న్యాయవాది మిత్రురాలు సర్దిచెప్పింది. సరే. కానీ కడపలో నేను చూసిన ఒక ఇంట్లో పాస్‌బుక్కు మీద భర్త పేరే ఉంది. ఆయన ఆటో నడుపుతాడు, ఒక్క బీడీ చుట్టడం రాదు. చుట్టేది ఆమె, బడి నుంచి వచ్చాక కూతురు. ప్రావిడెంట్ ఫండ్ గురించి నేను అడిగితే ఆమె పుస్తకం తిరగేసి, తన పేరు లేదని కొత్తగా చూసినట్టు నాకే చూపించింది.

2025 నవంబరు 21న కార్మిక కోడ్‌లు అమల్లోకి రావడంతో 1966 చట్టం రద్దయిపోయింది. వృత్తి భద్రత కోడ్‌లో బీడీ లైసెన్సు కోసం విడిగా ఒక భాగముంది. తెరిచి నేను ముందు వెతికింది ఇళ్ల మినహాయింపును. పాత మాటల్లోనే ఉంది.