రికార్డు కాని రికార్డు

1954 మే 6న ఆక్స్‌ఫర్డ్‌లో రోజర్ బానిస్టర్ మైలు దూరాన్ని 4 నిమిషాల లోపు పరుగెత్తాడని మనలో చాలామందిమి జనరల్ నాలెడ్జి కోసం బట్టీ పట్టినవాళ్ళమే. సరిగ్గా 23 రోజుల తర్వాత, మే 29న, బర్మింగ్‌హాంలో డయాన్ లెదర్ అనే 21 ఏళ్ల అమ్మాయి అదే మైలును 4 నిమిషాల 59.6 సెకన్లలో ముగించింది. 5 నిమిషాల లోపు మైలు పరుగెత్తిన మొదటి స్త్రీ ఆమే. ఆ సంగతి ఏ పాఠ్యపుస్తకమూ నాకు చెప్పలేదు.

అంతర్జాతీయ అథ్లెటిక్ సమాఖ్య స్త్రీల మైలు పరుగుకు 1967 దాకా రికార్డు గుర్తింపే ఇవ్వలేదు. లెదర్ సాధించినదాన్ని ‘ప్రపంచ అత్యుత్తమ సమయం’ అని సరిపెట్టారు. 1955లో ఆమె దాన్ని 4 నిమిషాల 45 సెకన్లకు తగ్గించినా ఆ మాట మారలేదు.

ఒలింపిక్స్ తలుపు అంతకుముందే మూసుకుంది. 1928లో ఆమ్‌స్టర్‌డాంలో 800 మీటర్లు పరుగెత్తిన స్త్రీలు సొమ్మసిల్లిపోయారని పత్రికలు గగ్గోలు పెట్టాయి. పరుగు చివర మగవాళ్ళు కూలబడితే అది పట్టుదల, ఆడవాళ్ళు కూలబడితే అది బలహీనత! ఆ తర్వాత 1960 దాకా ఆ పోటీయే లేదు. యూరోపియన్ పోటీల్లో రెండుసార్లు, 1954లోనూ 1958లోనూ, 800 మీటర్లలో రజతం గెలిచిన లెదర్ రోమ్ చేరేసరికి 27 ఏళ్లు. హీట్స్‌లోనే వెనుదిరిగింది. 2018లో చనిపోయింది.

స్త్రీల చరిత్రకు ఆధారాలు లేవని మనతో తరచూ అంటుంటారు. ఇక్కడ గడియారం ఉంది, తేదీ ఉంది, చూసినవాళ్ళున్నారు. రిజిస్టరులో ఆమె పేరు రాసే గడి మాత్రం లేదు. అందుకే ‘మొదటివారెవరు’ అని అడిగేముందు, ఆ గడులు గీసిందెవరని అడగాలనుకుంటాను.