చరిత్రను చెరిపే నౌక: క్రెనిమ్ కాలాయుధం

‘స్టార్ ట్రెక్: వాయేజర్’ (1995–2001) ధారావాహికలో 1997 నవంబరున రెండు భాగాలుగా ప్రసారమైన ‘ఇయర్ ఆఫ్ హెల్’ కథకు కేంద్రం క్రెనిమ్ జాతి కాలనౌక. దాని ఆయుధం శత్రువును సంహరించదు. అతని ఉనికినే చరిత్రనుండి తొలగిస్తుంది. నౌక కాలప్రవాహానికి వెలుపల నిలిచి ఉండడంవల్ల ఆ మార్పు దానికి సోకదు.

శాస్త్రవేత్త అనోరాక్స్ తొలి ప్రయోగంలో రిల్నార్ జాతిని తుడిచివేయగా క్రెనిమ్ సామ్రాజ్యం బలపడింది. అయితే ఆ జాతినుండి సంక్రమించిన రోగనిరోధకశక్తి కూడా లుప్తమై, ఏడాదిలోనే 5 కోట్లమంది మహమ్మారికి బలయ్యారు. 200 ఏళ్లపాటు గణనలు సాగించినా, అతని భార్య నివసించిన కయానా ప్రైమ్ తిరిగి రాలేదు. చివరకు కెప్టెన్ జేన్‌వే తన నౌకతో ఢీకొట్టగా కాలనౌక తన ఉనికినే చెరిపివేసుకొంది. చరిత్ర యథాస్థితికి చేరింది.

పరాజితుని చెరిపితే విజేత చరిత్రా ఛిద్రమవుతుందన్నదే ఈ కథ సారాంశం.