క్లిక్కుకో మొక్క - బీజాపూర్ అడవి అడిగే లెక్క

బ్రౌజర్‌లో ఒక చిన్న ఎక్స్‌టెన్షన్ పెట్టుకోండి, మీరు ఇంటర్నెట్‌లో వెతికినప్పుడల్లా ఎక్కడో మొక్కలు లేస్తాయి అంటున్నారు. పైసా ఖర్చు లేని పుణ్యం ఎవరికి చేదు? అయితే హుండీలో వేసిన రూపాయి ఎటు పోయిందని అడిగే మనం, ఇక్కడ మాత్రం ఎందుకు అడగకూడదు?

వీటిలో బాగా పేరున్నది ఎకోసియా. 2009 డిసెంబరులో క్రిస్టియన్ క్రోల్ అనే జర్మన్ యువకుడు దీన్ని మొదలుపెట్టాడు. ఊరికే వెతికితే పైసా రాదు. ఫలితాల పక్కన కనిపించే ప్రకటనను ఎవరైనా నొక్కితే ప్రకటనదారు డబ్బు చెల్లిస్తాడు. అందులో వాటా సంస్థకు వస్తుంది, మిగులుతో మొక్కలు నాటిస్తారు. 20 కోట్లకు పైగా నాటించామని సంస్థ చెబుతుంది. నెలనెలా జమాఖర్చులు బయటపెడుతుంది కూడా. అది మెచ్చుకోదగ్గదే. కానీ జమాఖర్చు డబ్బు సంగతి చెబుతుంది గాని మొక్క బతికిందో లేదో చెప్పదు. రక్షణ ఖాతాల్లో ఉద్యోగం చేసి రిటైరైన నాకు ఈ తేడా బాగా తెలుసు. బిల్లు పాసవడం వేరు, స్టోరులో సరుకు లెక్కకు రావడం వేరు.

ఎక్కడో ఉన్నవాళ్ళు అడవి సంగతి తేల్చడం బస్తర్‌కు కొత్త కాదు. 1859లో భోపాలపట్నం (ఇప్పటి బీజాపూర్ జిల్లా), భెజ్జి వంటి జమీందారీలలో హైదరాబాద్ కాంట్రాక్టర్లు సాల వృక్షాలను నరికించబోతే కోయలు, దొర్లలు తిరగబడ్డారు. ఒక చెట్టుకు ఒక తల అన్నది వారి నినాదమని చరిత్ర పుస్తకాలు చెబుతాయి. చివరికి అధికారులు ఆ కాంట్రాక్టును రద్దు చేయాల్సి వచ్చింది.

1970ల నడుమ ఇంకో ముచ్చట జరిగింది. ఈసారి వచ్చినవాళ్ళు చెట్లు నాటేవాళ్ళు! ప్రపంచ బ్యాంకు సాయంతో బస్తర్‌లోని సాల అడవిని తీసేసి, కాగితపు గుజ్జు కోసం కరీబియన్ పైన్ వేయాలని పథకం వేశారు. కాగితం మీద అదీ వనాభివృద్ధే. కానీ సాల గింజ, ఇప్పపువ్వు, తునికాకు ఏరుకుని బతికే ఆదివాసికి పైన్ చెట్టు ఏమిస్తుంది? గట్టి వ్యతిరేకత వచ్చింది. 1980ల ఆరంభంలో ఆ పథకం మూలపడింది. చెట్ల సంఖ్య ఒక్కటే చూస్తే ఈ నష్టం ఏ పద్దులోనూ కనబడదు.

మరి సర్కారు లెక్క? గనులకో ఆనకట్టలకో అడవి భూమి ఇస్తే, వాడుకున్నవాడు డబ్బు కట్టాలి, ఆ డబ్బుతో వేరే చోట అడవి పెంచాలి. ఇందుకు ప్రత్యేక నిధి ఉండాలని 2002లో సుప్రీంకోర్టు ఆదేశించింది. 2013లో కాగ్ ఈ పద్దును తనిఖీ చేసింది. 2006-12 మధ్య అందవలసిన అటవీయేతర భూమి 1,03,381 హెక్టార్లు. అందింది 28,086. అందులో మొక్కలు వేసింది 7,280 హెక్టార్లలో, అంటే రావలసిన భూమిలో 7 శాతం! 2016లో చట్టం వచ్చింది. 2019 ఆగస్టులో కేంద్రం రాష్ట్రాలకు 47,436 కోట్లు విడుదల చేస్తే, ఛత్తీస్‌గఢ్ వాటా 5,791 కోట్లు. డబ్బుకు కొదవ లేదన్నమాట.

కాబట్టి ప్రకటనల డబ్బయినా, గనుల డబ్బయినా అడగవలసినవి ఒకటే. ఏ జాతి మొక్క? ఎవరి భూమిలో? ఐదేళ్ళ తర్వాత ఎన్ని మిగిలాయి, ఎవరు వెళ్ళి చూశారు? 2006 అటవీ హక్కుల చట్టం అడవిని కాపాడే అధికారం గ్రామసభకు ఇచ్చింది. ఊరివాళ్ళు స్వయంగా లెక్కపెట్టి సంతకం చేసిన మొక్కనే మొక్కగా జమ కట్టాలి. అలాంటి లెక్క చూపే ఎక్స్‌టెన్షన్ ఉంటే నిక్షేపంగా పెట్టుకోండి. చూపనప్పుడు అది కూడా ఇంకో హుండీయే.