ఆ మూడు రౌండ్లు ఏమయ్యాయి?

ప్రొఫెషనల్ బాక్సింగ్‌లో మగవాళ్ల టైటిల్ ఫైట్ అంటే ఇప్పుడు 12 రౌండ్లు. ఒకప్పుడు 15 ఉండేవి. ఆ మూడూ ఎందుకు పోయాయో తెలియాలంటే 1982 నవంబర్ 13కి వెళ్లాలి.

లాస్ వెగాస్, సీజర్స్ ప్యాలెస్. డబ్ల్యూబీఏ లైట్‌వెయిట్ ఛాంపియన్ రే మాన్సినీకి 21 ఏళ్లు. ఎదురుగా దక్షిణ కొరియా బాక్సర్ కిమ్ డుక్ కూ. అమెరికాలో అతని పేరు విన్నవాళ్లే తక్కువ. కానీ ఏం ఫైట్ అది! మాన్సినీ కన్ను మూసుకుపోయింది, చెయ్యి వాచిపోయింది. 14వ రౌండ్ మొదలైన కొన్ని సెకన్లకే కిమ్ పడిపోయాడు. తాడు పట్టుకుని లేచాడు కూడా! రిఫరీ ఆపేశాడు. కాసేపటికే కోమా. మెదడుకి ఆపరేషన్ చేశారు. నాలుగు రోజులకి చనిపోయాడు. ఆ ఫైట్ సీబీఎస్‌లో లైవ్ వచ్చింది.

కొన్ని వారాల్లోనే డబ్ల్యూబీసీ తన టైటిల్ ఫైట్లని 12 రౌండ్లకి తగ్గించింది. విచిత్రం చూడండి, కిమ్ ఆడింది డబ్ల్యూబీఏ టైటిల్ కోసం. వాళ్లు మాత్రం 1987 దాకా ఆగారు. ఇంకో లెక్క. 15 రౌండ్లు, మధ్యలో రెస్ట్‌తో కలిపి 59 నిమిషాలు. 12 అయితే 47. గంట స్లాట్‌లో యాడ్స్‌కి చోటు మిగులుతుంది. అందుకే మార్చారని నేను అనను గానీ, టీవీ వాళ్లకి బాగా కలిసొచ్చింది.

కిమ్ పోయేనాటికి అతనికి కాబోయే భార్య గర్భవతి. పుట్టిన ఆ కొడుకు, పెద్దయ్యాక, అమ్మతో కలిసి అమెరికాలో మాన్సినీ ఇంటికే వెళ్లాడు.