తొలి పేజీలో ఆటకు చోటు

ఫోన్ తెరవగానే కనబడే మొదటి పేజీలో పట్టే ఐకాన్లు కొన్నే. వాటిలో ఆటలకు ఎన్ని గళ్లు ఇవ్వాలి, ఏ మూలన పెట్టాలి, ఎదురుగా ఉంచాలా ఫోల్డర్‌లో దాచాలా అన్నది ఇవాళ ప్రతి ఇంట్లోనూ ఎవరో ఒకరు తేల్చుకుంటున్న సంగతే. పిల్లాడి చేతికి ఫోన్ ఇచ్చే ముందు తల్లి ఆలోచించేది ఇదే, పరీక్షల ముందు కుర్రాడు తనకు తాను పెట్టుకునే కట్టుబాటూ ఇదే. ఈ చిన్న నిర్ణయం ఫోన్ కొన్నవాళ్ల చేతికి రావడానికి పదేళ్లకు పైగా పట్టింది. వచ్చాక కూడా దాన్ని లాక్కోవాలని చూసినవాళ్లు చాలామంది. ఈ కథను కోల్‌కతా వైపు నుంచి చెప్పడానికి కారణముంది. మన దేశంలో మొదటి సెల్‌ఫోన్ కాల్ వెళ్లింది ఆ ఊళ్లోంచే.

1995 జూలై 31న ముఖ్యమంత్రి జ్యోతి బసు రైటర్స్ బిల్డింగ్ నుంచి ఢిల్లీలోని సంచార్ భవన్‌లో ఉన్న కేంద్ర మంత్రి సుఖ్‌రామ్‌తో మాట్లాడారు. నెట్‌వర్క్ మోదీ టెల్‌స్ట్రాది, ఫోన్ నోకియాది. వచ్చిన కాల్‌కు కూడా డబ్బు కట్టాల్సిన రోజులవి. ఫోన్‌లో ఆట అన్న ఊహే ఇక్కడ చాలామందికి లేదు. రెండేళ్ల తర్వాత, 1997లో, నోకియా 6110లో స్నేక్ వచ్చింది. తానెలి అర్మాంటో అనే ఇంజినీరు రాసిన ఆట అది. మన ఊళ్లలో ఇంటింటికీ చేరింది మాత్రం ఆ తర్వాతి మోడళ్లతో: 2000లో 3310, 2003లో 1100.

ఆ ఫోన్లలో ఆటను చేరే దారి ఎలా ఉండేదో కాస్త దగ్గరగా చూడాలి. 3310లో మెనూ నొక్కితే తెరమీద ఒక్కసారికి ఒక్క అంశమే కనబడేది. కింది బాణం నొక్కుతూ పోతే గేమ్స్ వచ్చేది, లోపలికి వెళ్తే స్నేక్ 2, స్పేస్ ఇంపాక్ట్, పెయిర్స్ 2, బంటుమి. ప్రతి అంశానికీ తెర మూలన ఒక అంకె ఉండేది. ఆ అంకె గుర్తు పెట్టుకున్నవాళ్లు బాణంతో పనిలేకుండా మెనూ నొక్కి వెంటనే ఆ అంకె కొట్టేవారు, నేరుగా ఆటలో పడేవారు. చీకట్లోనూ, జేబులో చెయ్యి పెట్టుకుని కూడా కొట్టగలిగిన పిల్లలు ఉండేవారు. ఫోన్‌లో ఆటకు మనం వాడిన మొదటి షార్ట్‌కట్ అదే. దాన్ని మనం తయారు చేసుకోలేదు, మార్చుకునే వీలూ లేదు. కంపెనీ ఇచ్చిన వరుసను కంఠతా పట్టడమే మన వంతు.

కంప్యూటర్‌లో మాత్రం అప్పటికే పరిస్థితి వేరు. 1990లో వచ్చిన విండోస్ 3.0 సాలిటేర్‌ను గేమ్స్ అన్న ప్రత్యేకమైన గుంపులో పెట్టింది. విండోస్ 95 డెస్క్‌టాప్ మీద, మూలన వంపు బాణమున్న షార్ట్‌కట్‌లను మనమే పెట్టుకునే వీలిచ్చింది. నెట్ సెంటర్లలో రోడ్ రాష్ ఐకాన్ ఎక్కడుందో వెతకనక్కర లేకుండా కళ్ల ముందు ఉండేది. ఆ స్వేచ్ఛ ఫోన్‌లోకి రావడానికి ఇంకా చాలా టైం పట్టింది.

మధ్యలో జావా ఆటల కాలం ఒకటి నడిచింది. కోల్‌కతాలో చాందినీ చౌక్, హైదరాబాద్‌లో అబిడ్స్ జగదీశ్ మార్కెట్ లాంటి చోట్ల మెమరీ కార్డ్ ఇస్తే పాటలతో పాటు ఆటలూ ఎక్కించి ఇచ్చేవారు. తీరా ఫోన్‌లో చూస్తే కొన్ని గేమ్స్‌లో, కొన్ని అప్లికేషన్స్‌లో, ఇంకొన్ని మెమరీ కార్డ్ ఫోల్డర్లలో ఎక్కడో తేలేవి. నోకియా ఫోన్లలో గో టూ అన్న చిన్న జాబితా ఉండేది, నాలుగు వైపులా కదిలే మీటలో ఒక్కో దిక్కుకు ఒక్కో పని అప్పగించే సెట్టింగ్ ఉండేది. చాలామంది దాని జోలికి పోలేదు. పోయినవాళ్లకు మాత్రం, ఫోన్‌ను తమ అలవాటుకు తగ్గట్టు మలుచుకోవచ్చన్న సంగతి మొదటిసారి తెలిసింది అక్కడే.

2007లో ఐఫోన్ వచ్చినప్పుడు హోమ్ స్క్రీన్ అందంగా ఉంది, కానీ బిగించి ఉంది. యాపిల్ పెట్టిన చోటే ఐకాన్ ఉండాలి. 2008 జనవరిలో వచ్చిన 1.1.3 అప్‌డేట్‌తో ఐకాన్‌ను వేలితో నొక్కి పట్టుకుంటే అన్నీ వణికేవి, అప్పుడు వాటిని కావలసిన చోటికి లాక్కోవచ్చు, పక్క పేజీకీ తోయవచ్చు. ఈ కథలో నాకు అన్నిటికన్నా పెద్ద మలుపు ఇదే. అదే ఏడు జూలై 10న యాప్ స్టోర్ తెరుచుకుంది. ఆగస్టు 22న ఎయిర్‌టెల్, వొడాఫోన్ ఐఫోన్ 3జీని మన దేశానికి తెచ్చాయి. ఆటలు వరద కట్టాయి. ఐఫోన్‌లో 180 ఐకాన్లు పెట్టుకోగల చోటు కూడా చాల్లేదు. 2010 జూన్‌లో ఐఓఎస్ 4 ఫోల్డర్లను తెచ్చాక ఆ లెక్క 2,160కి పెరిగింది. ఒక ఆట ఐకాన్‌ను మరో ఆట ఐకాన్ మీద పడేస్తే ఫోల్డర్ తయారై, యాప్ స్టోర్ వర్గాన్ని బట్టి దానంతట అదే గేమ్స్ అని పేరు పెట్టుకునేది. ఆ పేరును ఇప్పటికీ చాలామంది మార్చరు.

ఆండ్రాయిడ్ మరో దారిన పోయింది. 2008 అక్టోబరులో వచ్చిన టీ-మొబైల్ జీ1లో అన్ని యాప్‌లూ ఒక అరలో ఉండేవి. తెర అడుగునున్న ట్యాబ్‌ను లాగితే అర తెరుచుకునేది. కావలసినవాటినే హోమ్ స్క్రీన్ మీదికి తెచ్చుకోవాలి. అంటే హోమ్ స్క్రీన్ మీద ఉన్నది షార్ట్‌కట్ మాత్రమే, తీసేసినా ఆట పోదు. ఇది మంచి పద్ధతి. పాతికేసి ఆటలున్నవాళ్లు కూడా తొలి పేజీని రెండు మూడు ఆటలతో సరిపెట్టుకోవచ్చు. 2011లో వచ్చిన 4.0 వెర్షన్‌తో ఒక ఐకాన్ మీద మరొకటి పెట్టి ఫోల్డర్ చేసే సదుపాయం ఇక్కడా వచ్చింది.

మన దేశంలో కోట్ల మందికి స్మార్ట్‌ఫోన్ చేరిన రూపం మాత్రం వేరు. 2014 జూలైలో షియోమీ వచ్చింది. 2015 ఆగస్టులో మన శ్రీసిటీలో ఫాక్స్‌కాన్ కర్మాగారంలో తయారైన రెడ్‌మీ 2 ప్రైమ్‌ను విశాఖపట్నంలో విడుదల చేశారు. ఆ ఫోన్లలోని ఎంఐయూఐ అనే సాఫ్ట్‌వేర్‌లో అప్పట్లో యాప్‌ల అర లేదు. వేసుకున్న ప్రతి ఆటా హోమ్ స్క్రీన్ మీదే వాలేది. దాంతో సర్దుకోవడం తప్పనిసరైంది, ఫోల్డర్లు కట్టడం చదువుకున్నవాళ్లకూ చదువుకోనివాళ్లకూ అలవాటైంది. కానీ ఆ ఫోల్డర్ తెరిస్తే అడుగున ప్రమోటెడ్ యాప్స్ అంటూ మనం అడగని ఆటలు వరుసగా కనబడేవి. వాటిని ఆపాలంటే ఫోల్డర్ పేరు మీద నొక్కి అక్కడున్న మీటను కట్టేయాలి. ఆ మీట ఉందని తెలిసినవాళ్లు తక్కువ. మనం కట్టుకున్న ఫోల్డర్‌లో ఇంకొకరు సరుకు పెట్టడం నాకు అన్యాయంగానే అనిపించింది, ఇప్పటికీ అనిపిస్తుంది.

అంతకు ముందూ ఇలాంటివి జరిగాయి. పాత ఆండ్రాయిడ్‌లో ఒక యాప్ మన అనుమతి లేకుండానే హోమ్ స్క్రీన్ మీద షార్ట్‌కట్ పెట్టగలిగేది. ఉచితంగా దొరికే ఆట ఒకటి వేసుకుంటే తెల్లారేసరికి తెలియని ఐకాన్లు రెండు మూడు మొలిచేవి, నొక్కితే ప్రకటనలు తెరుచుకునేవి. 2013లో గూగుల్ తన నిబంధనల్లో దీన్ని నిషేధించింది. 2017లో ఆండ్రాయిడ్ 8.0 మూలాన్నే సరిచేసింది: షార్ట్‌కట్ పెట్టాలంటే యాప్ అడగాలి, మనం సరే అనాలి. పెద్దగా ఎవరూ రాయని మార్పు ఇది. చవక ఫోన్ వాడేవాళ్లకు ఇంతకన్నా మేలు చేసిన మార్పు హోమ్ స్క్రీన్ చరిత్రలో ఇంకొకటి నాకు కనబడదు.

ఏ ఆట ఎక్కడ ఉండాలన్నది వేలు ఎంతదూరం అందుతుందన్న దాని మీద కూడా ఆధారపడి ఉంటుంది. 2013లో స్టీవెన్ హూబర్ అనే డిజైనర్ బయట ఫోన్ వాడుతున్నవాళ్లను 1,333 సార్లు గమనిస్తే, తెరను తాకుతున్నవాళ్లలో 49 శాతం మంది ఒంటిచేత్తోనే వాడుతున్నారని తేలింది. కోల్‌కతా మెట్రోలో నిలబడ్డవాళ్లకు ఆ లెక్క ఎవరూ చెప్పనక్కర్లేదు. 1984లో ఎస్ప్లనేడ్ నుంచి భవానీపూర్‌కు మొదలైన ఆ భూగర్భ రైల్లో ఆఫీసు వేళ ఒక చెయ్యి పైన పట్టుకునే పిడికే అంకితం. రెండో చేతిలో ఫోన్, దాన్ని మోస్తూనే తెరమీద తిరగాల్సింది బొటనవేలు. కుడిచేతి వాటం ఉన్నవాళ్లకు తెర కింది సగం, మధ్య భాగం సులువుగా అందుతాయి, ఎడమవైపు పై మూల అందదు. అందుకే రోజూ ఆడే ఆట కుడివైపు కింది వరుసల్లోకి దిగుతుంది, ఆపుకోవాలనుకునే ఆట పై మూలకో రెండో పేజీకో వెళ్తుంది. 2013లో ఐఓఎస్ 7 ఫోల్డర్‌లోనే పేజీలు తెచ్చింది, పేజీకి తొమ్మిది ఐకాన్లు. ఫోల్డర్‌లో రెండో పేజీకి పంపిన ఆట దాదాపు మరుగున పడ్డట్టే. ఇల్లాళ్లు పిల్లల ఆటలను అక్కడే దాచేవారు, పిల్లలు వారంలో కనిపెట్టేసేవారు.

2016 సెప్టెంబరులో జియో వచ్చాక ఆటల బరువు పెరిగింది. లూడో కింగ్ విడుదలైందీ అదే ఏడు. గార్డెన్‌రీచ్‌లో, ఖిదిర్‌పూర్‌లో తరతరాలుగా ఉంటున్న తెలుగు రైల్వే కుటుంబాలు సెలవులకు కోరమాండల్ ఎక్స్‌ప్రెస్‌లో బయల్దేరితే ఒడిశా తీరం వెంట సిగ్నల్ వస్తూ పోతూ ఉంటుంది. అప్పుడు పనికొచ్చేది నెట్ అక్కర్లేని ఆటే. ఒకే ఫోన్‌ను చేతులు మార్చుకుంటూ నలుగురు ఆడే సదుపాయం లూడో కింగ్‌లో ఉంది. అందుకే ప్రయాణానికి ముందు రోజు ఆ ఐకాన్ తొలి పేజీకి వచ్చేస్తుంది. "పిన్నీ, నీ పచ్చకాయ కదుపు" అంటూ బెర్తు మీద ఫోన్ తిరుగుతుంటే పక్కవాళ్లు కూడా వంగి చూస్తారు. 2020 లాక్‌డౌన్‌లో అదే ఆట ఊళ్లు దాటి కుటుంబాలను కలిపింది.

ఆ ఏడే ప్రభుత్వం చెయ్యి హోమ్ స్క్రీన్ దాకా వచ్చింది. జూన్ 29న 59 యాప్‌లు, సెప్టెంబరు 2న పబ్‌జీ మొబైల్ సహా 118 యాప్‌లు నిషేధంలోకి వెళ్లాయి. స్టోర్ నుంచి ఆట పోయింది గానీ ఫోన్‌లో ఐకాన్ పోలేదు. అక్టోబరు 30న సర్వర్లు ఆగిపోయాక నొక్కినా ఆట నడవలేదు. చాలామంది కుర్రాళ్లు ఆ ఐకాన్‌ను నెలల తరబడి తీయలేదు, మళ్లీ వస్తుందన్న ఆశతో. 2021 జూలై 2న బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా పేరుతో వచ్చింది, 2022 జూలై 28న మళ్లీ స్టోర్ల నుంచి తొలగింది, 2023 మేలో తిరిగొచ్చింది. ఒకే గడిలో ఇన్ని రాకపోకలు చూసిన ఆట మన దగ్గర ఇంకొకటి లేదు.

డబ్బు పెట్టి ఆడే రమ్మీ సంగతి ఇంకా చిత్రమైనది. పశ్చిమ బెంగాల్ 1957 నాటి జూద చట్టం రమ్మీ, పోకర్, బ్రిడ్జి వంటి పేకాటలను జూదం కిందికి రాకుండా మినహాయించింది. తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో డబ్బుతో ఆడే ఆన్‌లైన్ రమ్మీని నిషేధించాయి. దాంతో కోల్‌కతాలో తెరుచుకునే ఐకాన్, అదే ఫోన్‌తో ఆంధ్ర సరిహద్దున ఇచ్ఛాపురం దాటేసరికి మీ రాష్ట్రంలో ఆడే వీల్లేదని చెప్పేది. యాప్ మన ఉనికిని చూసి ఆపేసేది. 2022లో గూగుల్ ప్రయోగంగా అనుమతించేదాకా ఈ యాప్‌లు ప్లే స్టోర్‌లో ఉండేవి కావు. కంపెనీ వెబ్‌సైట్ నుంచి దించుకుంటే ఐకాన్ వచ్చి కూర్చునేది. 2025 ఆగస్టులో పార్లమెంటు ఆన్‌లైన్ గేమింగ్ చట్టం చేసి దేశమంతటా డబ్బు ఆటలను నిషేధించాక ఆ తేడా పోయింది. అప్పుల్లో కూరుకుపోయిన ఇళ్లను చూసినవాళ్లకు ఈ ఒక్క ఐకాన్ విషయంలో సర్దుకునే హక్కు గురించి వాదించాలనిపించదు. నాకూ అనిపించదు.

కంపెనీలు ఈమధ్య సర్దే పనిని తామే చేసి పెడుతున్నాయి. శాంసంగ్ 2016లో గెలాక్సీ ఎస్7తో గేమ్ లాంచర్ తెచ్చింది. ఆటలన్నీ అందులో చేరతాయి, కావాలంటే హోమ్ స్క్రీన్ మీద అస్సలు కనబడకుండా అక్కడే ఉంచవచ్చు. పరీక్షల కాలానికి ఇది చాలా ఉపయోగమైన ఏర్పాటు. 2020లో ఐఓఎస్ 14 యాప్ లైబ్రరీతో యాపిల్ కూడా, పన్నెండేళ్లు ఆలస్యంగా, ఆండ్రాయిడ్ అర లాంటిది ఇచ్చింది. ఐకాన్‌ను ఖాళీ వదిలి ఎక్కడైనా పెట్టుకునే వీలు ఐఫోన్‌లో 2024లో ఐఓఎస్ 18 దాకా రాలేదు. బొటనవేలికి అందే కింది వరుసల్లోనే ఆటలు పెట్టి పైన ఖాళీ ఉంచుకోవడం ఆండ్రాయిడ్ వాళ్లు ఎప్పట్నుంచో చేస్తున్న పని.

ఇంకా తీరని ఇబ్బంది ఒకటుంది. ఐఫోన్ నుంచి ఐఫోన్‌కు, శాంసంగ్ నుంచి శాంసంగ్‌కు మారితే మన వరుస చాలావరకు అలాగే వస్తుంది. కంపెనీ మారితే యాప్‌లు వస్తాయి, వరుస రాదు. చాందినీలో పాత రెడ్‌మీ ఇచ్చి వేరే కంపెనీ ఫోన్ తీసుకున్న పెద్దాయన లూడో ఎక్కడుందో తెలియక మనవడిని అడగాల్సి వస్తుంది. ఫోన్ నంబర్లను ఒక ఫైలుగా దించి ఏ ఫోన్‌లోనైనా ఎక్కించే పద్ధతి ఎన్నో ఏళ్లుగా ఉంది. హోమ్ స్క్రీన్ వరుసకూ అలాంటి ఫైలు ఒకటి ఉండాలి, గూగుల్, యాపిల్ రెండూ దాన్ని చదవగలగాలి.