కాంతికి గమ్యం ముందే తెలుసునా?

అమెరికా రచయిత టెడ్ చియాంగ్ 1998లో ప్రచురించిన ‘స్టోరీ ఆఫ్ యువర్ లైఫ్’ అనే పెద్దకథలో ఒక వింత ప్రాణి కనిపిస్తుంది. దానిది పీపా వంటి శరీరం. దానిని మోసే అవయవాలు ఏడు. చుట్టూ రెప్పలు లేని కన్నులు ఏడు. అందుచేత దానికి ముందు, వెనుక అనే భేదం లేదు. ‘ఏడు పాదములు గలది’ అనే అర్థంలో దానికి హెప్టాపాడ్ అని పేరు పెట్టినారు. అన్యలోకం నుండి వచ్చిన ఈ ప్రాణుల లిపిని లూయీజ్ బ్యాంక్స్ అనే భాషాశాస్త్రజ్ఞురాలు అభ్యసిస్తుంది. క్రమంగా ఆమెకు జరగబోయే సంగతులు జ్ఞాపకాల వలె మనస్సులో మెదలసాగుతాయి. ఇంకా పుట్టని తన కూతురు ఇరవై అయిదేళ్ల వయస్సులో కొండ ఎక్కుతూ మరణిస్తుందని ఆమెకు ముందే తెలిసిపోతుంది. తెలిసియుండియు ఆ బిడ్డను కంటుంది. ఈ కథ ఆధారంగా 2016లో ‘అరైవల్’ అనే చలనచిత్రం వెలువడినది.

ఇది కేవలం కవికల్పన అని తోసివేయవచ్చును. కాని ఈ ప్రాణి మూలం భౌతికశాస్త్ర పాఠ్యగ్రంథాలలోని ఒక సూత్రంలో ఉన్నది. ఆ సూత్రం చరిత్ర మూడున్నర శతాబ్దాలకు పైబడినది.

నీటిలో సగం ముంచిన కర్ర వంగినట్లు కనబడుటకు కారణం వక్రీభవనం. కిరణం ఎంత వంగునో తెలిపే నియమాన్ని హాలెండు దేశస్థుడైన స్నెల్ 1621లో కనుగొన్నాడు. ఫ్రాన్సు తత్త్వవేత్త డెకార్ట్ 1637లో ప్రకటించినాడు. కిరణం ఎందుకు అట్లా వంగవలెను? తూలూజ్ నగర న్యాయస్థానంలో అధికారిగా ఉంటూ, తీరిక వేళల్లో గణితం చేసిన ఫెర్మా 1662లో దీనికి ఒక సమాధానం చెప్పినాడు. ఒక బిందువు నుండి మరొక బిందువుకు పోవుటకు కాంతి అతి తక్కువ కాలం పట్టే మార్గాన్నే అనుసరిస్తుందని ఆయన ప్రతిపాదన. దీనినే కనిష్ఠ కాల సూత్రం అంటారు.

ఒక రైతు బాట మీద నిలబడి, మడి మధ్యనున్న మంచె వద్దకు త్వరగా చేరవలెనని అనుకొందాము. బాట మీద అడుగులు వేగంగా పడతాయి. బురదలో నెమ్మదిగా పడతాయి. మంచెకు సూటిగా దిగితే బురదలో చాలా దూరం నడవవలెను. కనుక బాట మీద మరికొంత దూరం పోయి, తరువాత మడిలోకి దిగుతాడు. కాంతి కూడా ఇంతే. గాలిలో సెకనుకు సుమారు 3 లక్షల కిలోమీటర్లు పోయే కాంతి, నీటిలో సుమారు 2 లక్షల 25 వేల కిలోమీటర్లే పోతుంది. అందుచేత వేగం ఎక్కువగా గల గాలిలో కొంత అదనపు దూరం పోయి నీటిలో ప్రవేశిస్తుంది.

అయితే రైతుకు మంచె కనబడుతున్నది. కాంతికి ఏమి కనబడుతున్నది? గమ్యం తెలియనిదే ఏ దారి త్వరగా చేర్చునో ఎట్లు తెలియును? ఈ ప్రశ్న వెంటనే లేచినది. డెకార్ట్ పక్షీయుడైన క్లెర్సెలియే అదే సంవత్సరం ఫెర్మాకు ఆక్షేపణ వ్రాసినాడు. ప్రకృతికి తెలివి గాని, ఎంపిక గాని లేవు. కనుక ఇది భౌతిక కారణం కాజాలదని ఆయన వాదం. ప్రకృతి కారణం చేత నడుచునా, ప్రయోజనం కొరకు నడుచునా అన్నదే ఇక్కడి వివాదం.

1744లో మోపర్ట్యూయి ఇటువంటి భావంతోనే కనిష్ఠ క్రియా సూత్రాన్ని ప్రతిపాదించినాడు. ఇందులో ఆయనకు సృష్టికర్త వివేకం కనబడినది. కాని 1833లో ఐర్లండు గణితజ్ఞుడు హామిల్టన్ ఒక లోపాన్ని ఎత్తిచూపినాడు. ఆ పరిమాణం అన్నిచోట్లా కనిష్ఠం కాదు. కొన్ని వంపు అద్దాలలో గరిష్ఠం కూడా కావచ్చును. కనుక ప్రకృతిది పొదుపరితనం అనుటకు వీలులేదు.

ఈలోగా హైగెన్స్ 1690లో ప్రచురించిన గ్రంథంలో, తరంగాలను ఆధారం చేసుకొని అదే వక్రీభవన నియమాన్ని రాబట్టినాడు. తరంగంలో ముందుగా నీటిని తాకిన భాగం నెమ్మదిస్తుంది. మిగిలిన భాగం ఇంకా వేగంగానే వస్తుంది. అందుచేత తరంగం మళ్లుతుంది. ఇందులో గమ్యం ప్రసక్తే లేదు. 1948లో ఫైన్‌మన్ ప్రచురించిన పద్ధతి మరింత ఆశ్చర్యకరమైనది. సాధ్యమైన మార్గాలన్నింటినీ లెక్కలోకి తీసుకోవలెను. చాలా మార్గాల ఫలితాలు ఒకదానిని మరొకటి రద్దు చేసుకొంటాయి. ఫెర్మా చెప్పిన మార్గం పరిసరాలలోనివి మాత్రం ఒకదానికొకటి తోడుపడతాయి. కాంతి ముందుచూపుతో దారిని ఎంచుకొనుట లేదన్న మాట.

మరి కాంతికి గమ్యం తెలిసినట్లు తోచుట ఎందువలన? ఫెర్మా పద్ధతిలో లెక్క కట్టే వ్యక్తి మొదటి బిందువుతో పాటు చివరి బిందువును కూడా ముందుగానే ఇస్తున్నాడు. మొదటి బిందువు, బయలుదేరిన దిశ మాత్రమే ఇచ్చినా స్నెల్ నియమం చేత అదే మార్గం లభించును. అందుచేత గమ్యం తెలిసినది కిరణానికి కాదు, ప్రశ్న వేసిన వానికి.

చియాంగ్ ఈ రెండు పద్ధతులను రెండు రకాల మనస్సులుగా మార్చినాడు. ఒకదాని తరువాత ఒకటిగా చూచుట మానవుల రీతి. ఆద్యంతాలను ఒక్కసారిగా చూచుట హెప్టాపాడ్‌ల రీతి. మనకు సులువైన వేగం వంటి భావం వాటికి కష్టం. మనకు కష్టమైన ఫెర్మా సూత్రం వాటికి సులువు. భౌతికశాస్త్రం ఇంతవరకు ఒప్పుకొంటుంది. ఆ రెండవ రీతి అలవడితే భవిష్యత్తు కనబడుననుట మాత్రం కథకుని చేర్పు. ఏ కిరణమూ ఆ శక్తిని మనకు ఇవ్వలేదు.

లూయీజ్‌కు బిడ్డ ఆయుర్దాయం తెలుసు. లోకంలోని తల్లులకు అది తెలియదు. ఏనాటికైనా ఎడబాటు తప్పదని మాత్రం వారికీ తెలుసు. అయినను బిడ్డలను కని, పెంచుతున్నారు. క్లెర్సెలియే కిరణం విషయమై లేవదీసిన ప్రశ్నను ఈ కథ తల్లి ఒడిలోకి తెచ్చినది. కిరణం సంగతి లెక్క తేల్చినది. తల్లి సంగతి లెక్కకు అందేది కాదు.